ఎడమ పక్కన కనపడని రాళ్ళు

అవనిగడ్డ దాటి నాగాయలంక వైపు వెళ్తుండగా, మంచి ఎండలో, నా బండి ముందు చక్రం రాయికి కొట్టుకుంది. నేను రోడ్డు మీద ఆరబోసిన ధాన్యంలో పడ్డాను. వెనక కూర్చున్న మా ఆవిడ తారు మీద పడింది. ఆమె ఎడమ మోచెయ్యి విరిగింది.

ధాన్యం తిరగేస్తున్న రైతు చేతిలో పార అక్కడే పడేసి పరిగెత్తుకొచ్చాడు. ముందు ఆమెను లేపి కూర్చోబెట్టి, తర్వాత నా వైపు చూశాడు.

"ఏంటండీ, ఇంత రాయి కనపళ్ళేదా? పొద్దుట్నుంచీ ఆర్టీసీ బస్సులు దీని పక్కనుంచే పోతన్నాయి."

"ఇప్పుడే పెట్టావా?" అన్నాను.

"నిన్న పొద్దున పెట్టానండీ. సున్నం కూడా కొట్టా." నన్ను పరీక్షగా చూసి, "మీరు పేపరాయన కదూ? ఏటా మా రాళ్ళ మీద రాసేది మీరేగా," అన్నాడు.

మా ఆవిడ చెయ్యి పట్టుకుని, పళ్ళ బిగువున అంది: "రేపు కూడా రాస్తాడులే అన్నయ్యా. ఈసారి చూసి రాయక్కర్లేదు, తగిలే రాస్తాడు."

అతను అన్నది నిజం. దివిసీమలో వరి కోతలు మిషన్ల చేతికి వచ్చాక ధాన్యం పచ్చిగా ఇంటికొస్తుంది. తేమ తగ్గితే తప్ప కొనరు. ఆరబెట్టడానికి కళ్ళాలు లేవు, రోడ్డు ఉంది. సగం రోడ్డు మీద ధాన్యం పరిచి, బళ్ళు ఎక్కకుండా అంచున వరసగా రాళ్ళు పేరుస్తారు. రాయికి తగిలి ఎవరో ఒకరు పడతారు. నేను వార్త రాస్తాను. చాలా ఏళ్ళుగా పంటతో పాటు వచ్చే వార్త అది. అందుకే ఆ రోజు కూడా తప్పు రాయిదేననుకున్నాను.

ఆసుపత్రిలో ఆమె చేతికి కట్టు వేస్తుండగా మా పేపరు డెస్కు నుంచి ఫోను వచ్చింది. ఫొటో ఉంటే పంపమన్నారు, పెద్దగా వేస్తామన్నారు. పడిన చోట అలవాటు కొద్దీ ఒక ఫొటో తీసి ఉన్నాను. పంపబోతూ చూశాను. బండి వచ్చిన దారి పొడవునా తెల్లటి రాళ్ళు, ఒక్కోటీ చిన్న బిందె అంత, పళ్ళ వరసలా ఉన్నాయి. వాటిలో ఒక్కటి కూడా నాకు కనపడలేదు. కనపడకపోవడమే కాదు, అక్కడ శుభ్రమైన రోడ్డు కనిపించింది. ఎదురుగా బస్సు వస్తే, ఎడమకు చోటుందని చూసుకునే జరిగాను.

ఫొటో పంపలేదు. ఆ వారమే గుడివాడలో కంటి ఆసుపత్రికి వెళ్ళాను.

డాక్టరమ్మ చూసి నీటికాసులు, అంటే గ్లకోమా, అంది. రెండు కళ్ళలోనూ ఉన్నాయి, ఎప్పటి నుంచో ఉన్నాయి. నొప్పి లేదు, ఎరుపు లేదు, పేపర్లో చిన్నక్షరాలు చక్కగా చదువుతున్నాను. అంచులు పోతుంటే మనిషికి తెలియదట. ముందు ఒక కన్ను మూసి, తర్వాత రెండోది మూసి, విడివిడిగా చూపు ఎంత మేర ఉందో కొలిపించింది. తర్వాత రెండూ తెరిపించి మళ్ళీ కొలవమంది.

"విడిగా కొలిస్తే జబ్బు తెలుస్తుందండీ. కలిపి కొలిస్తే మీరు రోడ్డు మీద ఎలా తిరుగుతున్నారో తెలుస్తుంది. ఒక కంట్లో పోయినచోట రెండోది ఆదుకుంటుంది. రెంటిలోనూ ఒకే చోట పోతే ఆదుకునేది లేదు."

చీకటి గదిలో తెల్లటి పెద్ద గిన్నె లాంటి మిషను. గడ్డం ఆనించి, మధ్యలో చుక్కనే చూస్తూ, చుట్టూ ఎక్కడ లైటు మెరిసినా చేతిలో బటను నొక్కాలి. పరీక్ష చేసే ఆవిడ మొదట్లోనే విసుక్కుంది.

"బాబాయి గారూ, లైట్ల కోసం వెతక్కండి. చుక్కనే చూడండి."

"అలవాటమ్మా. ఎక్కడేం జరుగుతుందా అని చూడ్డమే నా పని."

"ఇక్కడ జరిగేది మేం చూసుకుంటాం లెండి. మీరు కదలకండి."

కదలకుండా కూర్చున్నాను. లైట్లు వచ్చాయి, నొక్కాను. తర్వాత చాలాసేపు ఏ లైటూ రాలేదు. మిషను ఆగిందేమోనని అడిగాను.

"వస్తానే ఉన్నాయండీ," అందావిడ.

డాక్టరమ్మ చూపించిన బొమ్మలో ఎడమ పక్క కింద భాగమంతా నల్లగా ఉంది. నాకెప్పుడూ అక్కడ నలుపు కనపడలేదన్నాను. కనపడదని చెప్పింది. చుట్టూ ఏముంటే దాంతోనే మెదడు ఆ ఖాళీని పూరిస్తుందట. చుట్టూ రోడ్డుంటే రోడ్డు, గోడుంటే గోడ. వెళ్ళకుండా రాసిన వార్త ఇట్టే తెలిసిపోతుందని కుర్ర విలేకరుల దగ్గర ఏళ్ళ తరబడి గొప్పలు చెప్పాను. నా కళ్ళే నాకు అలాంటి వార్తలు రాసి పంపుతుంటే అచ్చేసుకుంటూ కూర్చున్నాను.

ఆ తర్వాత కొన్ని సంగతులకు అర్థం దొరికింది. కంచం పక్కన మంచినీళ్ళ గ్లాసు తన్నేసి, అక్కడెవరు పెట్టారని మా ఆవిడ మీద అరవడం. బందరు బజార్లో ఎడమ నుంచి నమస్కారం పెట్టిన వాళ్ళను పట్టించుకోక, పేపరాయనకి పొగరెక్కిందని అనిపించుకోవడం. ఇవన్నీ వయసనుకున్నాం, కోపమనుకున్నాం. ఒక మధ్యాహ్నం పట్టే పరీక్ష చేయించుకోమని ఏ డాక్టరూ రాయలేదు, నేనూ అడగలేదు. పోయింది తిరిగి రాదట. చుక్కల మందు ఉన్నదాన్ని కాపాడటానికే.

"బండి నడపొచ్చా?" అని అడిగాను. నాకు కావలసిన జవాబు అదొక్కటే. బండి లేకపోతే కృత్తివెన్ను చెరువుల గట్ల మీదికి, దివిసీమ లంకల్లోకి బస్సు పట్టుకుని వెళ్ళి వార్త తెచ్చేలోపు అది పాతబడుతుంది.

"వద్దనే చెప్తానండీ. కాగితం మీద మాత్రం కొలత ఎంతో అంతే రాస్తాను. లైసెన్సు సంగతి వాళ్ళది."

ఆ కాగితం పట్టుకుని లైసెన్సుల ఆఫీసుకు వెళ్ళాను. గుమాస్తా తెలిసినవాడే. కాగితం తిరగేసి చూసి ఇచ్చేశాడు.

"ఇది మాకెందుకండీ? ఆ గోడ మీద బోర్డుంది, కింద వరస చదవండి."

చదివాను.

"బ్రహ్మాండం. ఆ వరస నాకే కనపడదు. రెన్యువల్‌కి ఇంకా టైముంది, అప్పుడు రండి గురువుగారూ."

డెస్కుకు ఉన్నమాట చెప్పాను. జాలిపడి, దివిసీమ ఇంకొకరికి ఇచ్చారు. నాకు బందరు టౌను మిగిలింది. ఈ ఏడు కోతలప్పుడు రాళ్ళ వార్త అతనే రాశాడు. నా వార్తే, ఊరి పేరు మార్చాడంతే.

మా ఆవిడ మోచెయ్యి పూర్తిగా చాపుకోదు. జడ వేసుకోవడానికి పక్కింటావిడను పిలుస్తుంది. బజారుకు వెళ్తే నా ఎడమ పక్కనే నడుస్తుంది. చూసినవాళ్ళు మా అన్యోన్యం అనుకుంటారు. ఒకరు ఆ మాటే అంటే వెంటనే చెప్పింది: "అదేం కాదు వదినా. ఈయన ఇంకోళ్ళ చెయ్యి విరగ్గొడితే ఊరుకోరు. నేనంటే ఊరుకున్నా."

బండి వరండాలో ఉంది. టైర్లలో గాలి నేనే కొట్టిస్తున్నాను. లైసెన్సు చెల్లుతూనే ఉంది. డాక్టరమ్మ ఇచ్చిన కాగితంలో కొలత ఉంది, లైసెన్సుల వాళ్ళ బోర్డు మీద అక్షరాలున్నాయి. నేను బండి నడపకూడదని రాసిచ్చినవాళ్ళు మాత్రం ఇప్పటికీ ఎవరూ లేరు.