హుమాయూన్ పెట్టని సంతకం

హుమాయూన్‌కి కోపం రాదని గవర్నర్‌పేటలోని ఆ కేంద్ర ప్రభుత్వ ఆఫీసులో అందరికీ తెలుసు. తెలుసు కాబట్టే తెగ వాడుకున్నారు. ఎవడు సెలవు పెట్టినా ఆ సీటు పని ఇతని నెత్తిన పడేది. పద్దెనిమిదేళ్లు నోరెత్తకుండా గుమాస్తాగిరీ చేశాడు మహానుభావుడు.

పట్టుబట్టింది ఒక్క విషయంలోనే. కూతురు హఫ్సాకి పుట్టుచెవుడు. పెదాల కదలిక చూసి మాట పట్టుకోవడం పటమటలో ఒక టీచరమ్మ నేర్పుతానంది. "కానీ ఇంట్లో ఒక భాష, ఇక్కడొక భాష అయితే పాపకి ఏదీ రాదండీ" అని ముందే చెప్పింది. అంతే, ఆ రోజు నుంచి ఇంట్లో ఉర్దూ బందు. భార్య వజీరా ఏడ్చింది, అత్తగారు అలిగి బందరు బస్సెక్కింది. హుమాయూన్ లొంగలేదు. నాలుగేళ్లు తిరిగేసరికి హఫ్సా అవతలివాళ్ల మొహం చూసి తెలుగులో టకటకా జవాబు చెప్పసాగింది.

అప్పుడొచ్చాయి దిక్కుమాలిన బదిలీలు. 2002 మేలో హుమాయూన్‌తో సహా ఇక్కడి ఏడుగురిని కటక్‌కి, అక్కడి ఏడుగురిని విజయవాడకి వేశారు. ఒడియా మాట్లాడే పెదాలు ఈ పిల్లకెలా అర్థమవుతాయి?

అదృష్టం తలుపు తట్టకపోలేదు. ఇటు రావాల్సిన మొహంతి అనే గుమాస్తాకి కటక్ వదలడం ఇష్టం లేదు. ఒకరి చోటు ఒకరు మార్చుకునే మ్యూచువల్ దరఖాస్తు మీద తన సంతకం పెట్టి హుమాయూన్‌కి పంపాడు. ఇతనూ సంతకం పెడితే ఎవరి ఊళ్లో వాళ్లు హాయిగా ఉండేవారు.

పెట్టనిస్తేగా! యూనియన్ సెక్రటరీ రామకోటేశ్వరరావు ఊడిపడ్డాడు. ఏడుగురి చేతా కోర్టులో పిటిషన్లు వేయించింది అతనే, కటక్ జాబితాలో అతనూ ఉన్నాడు.

"మ్యూచువల్ పెట్టారంటే బదిలీ ఒప్పుకున్నట్టేనండీ హుమాయూన్ గారూ! కేసు కాస్తా పడిపోద్ది. మిగతా ఆరుగురి గొంతు కోస్తారా? ఆ కాగితం నా దగ్గరుంచండి."

మెతక మనిషి, ఇచ్చేశాడు. ఆ రాత్రే వజీరా తల బాదుకుంది.

ఆగస్టులో తీర్పు కాపీ వచ్చింది. వకీలు చదివి చెప్పాడు. బదిలీ ఉద్యోగంలో భాగమట, ఎక్కడ పనిచేయాలో ఎంచుకునే హక్కు ఉద్యోగికి లేదట. ఆరు పిటిషన్లు కొట్టేశారు.

"ఏడు కదండీ వేశాం?" అన్నాడు హుమాయూన్.

"రామకోటేశ్వరరావు గారు పోయిన నెల్లోనే వాపసు తీసుకున్నారుగా! మొహంతి అనే ఆయనతో మ్యూచువల్ కుదిరింది. మీకు చెప్పలేదా?"

హుమాయూన్ తిన్నగా ఆఫీసుకొచ్చాడు. సెక్రటరీగారు కాలు మీద కాలేసుకుని టీ తాగుతున్నాడు. మనిషిని చూసి కనీసం కంగారైనా పడలేదు.

"మా అమ్మాయికి ఎంసెట్ సంవత్సరం కదండీ, తప్పలేదు. అయినా మీకేం ఇబ్బందండీ? మీ పాపకి ఎలాగూ వినపడదాయె, ఏ ఊరైనా ఒకటేగా!"

అందరూ విన్నారు. ఒక్కడంటే ఒక్కడు తలెత్తలేదు. హుమాయూన్ ఆ గ్లాసు లాక్కుని వేడి టీ అతని ఫైళ్ల మీద కుమ్మరించాడు.

"నీ నోరు పడిపోను! నమ్మి ఆ కాగితం నీ చేతిలో పెట్టాను కదరా!"

"ఆఫీసండీ, ఊరుకోండి" అంటూ అప్పుడు లేచారు పెద్దమనుషులు. సాయంత్రానికల్లా హుమాయూన్‌ని రిలీవ్ చేసేశారు, ఫైళ్లు పాడుచేసినందుకు మెమో కూడా చేతిలో పెట్టారు.

కటక్‌లో పక్కింటివాళ్లు మంచివాళ్లే. సామాను దించుతుండగానే వచ్చి, హఫ్సాని దగ్గరికి తీసుకుని ఆడా మగా ఏవేవో పలకరించారు. ఆ పిల్ల ఒక్కొక్కరి మొహమూ మార్చి మార్చి చూసింది. వారం రోజులు బడిలోనూ అలాగే చూసింది. ఎనిమిదో రోజు తండ్రి చెయ్యి పట్టుకుని లాగింది.

"నాన్నా, ఈ ఊళ్లో ఎవరికీ మాటలు రావా?"