మూడు వందల గుర్రాలూ, ఒక కెటిలూ

తొకుమారు గారికి కదిలే బొమ్మలంటే అస్సలు పడదు. వంటవాడికి పొయ్యంటే పడదన్నట్టుంటుంది ఇది. ఆయన వృత్తి మరి కార్టూన్ సీరియళ్ల దర్శకత్వం.

ఒగికుబో పేటలో, టోఫు కొట్టు పైఅంతస్తు మా స్టూడియో. ఏ షాట్‌లో ఏముండాలి, ఎన్ని సెకన్లుండాలి అన్నది ఆయన స్టోరీబోర్డులో చిన్నచిన్న గళ్లలో గీసి ఇచ్చేవారు. మేం పదిమందిమీ దాన్ని చూసి వేలకొద్దీ బొమ్మలు వేసేవాళ్లం. కథ ఉరకలేస్తూ ఉంటుంది, హఠాత్తుగా ఆకాశంలో ఓ మబ్బు. ఆరు సెకన్లు! వీరుడు కత్తి దూసి అరుస్తాడు, వెంటనే ఖాళీ ఉయ్యాల. అది ఊగనైనా ఊగదు.

"ఏమిటండీ ఇది?" అని నిర్మాత ఒనొదెరా గారు జుట్టు పీక్కునేవారు. సీరియల్ మొదలైనప్పుడు ఆ జుట్టు ఒత్తుగా ఉండేది.

"నిశ్శబ్దం" అనేవారు తొకుమారు గారు, సిగరెట్టు బూడిద టీకప్పులో రాలుస్తూ.

"ఇది పిల్లలు చూసేదండీ బాబూ!"

"ఏం, పిల్లలకు నిశ్శబ్దం వద్దా?"

ఒక పత్రికలో ఎవరో "శూన్యంలోని సౌందర్యం" అని రాస్తే, ఆయన దాన్ని కత్తిరించి సరిగ్గా ఒనొదెరా గారి కుర్చీకి ఎదురుగా గోడకు అంటించారు.

డెబ్భైతొమ్మిది అక్టోబరు. ఆఖరి యుద్ధంలో మూడు వందల గుర్రాలు దండెత్తి రావాలి. ఆ దృశ్యం నా నెత్తిన పడింది. అంటే పన్నెండు వందల కాళ్లు! ఆ ఆదివారమే మా అమ్మాయి చిహారు బళ్లో ఆటల పోటీలు. రెండేళ్లుగా నేను వెళ్లలేదు. "ఈసారి తప్పకుండా వస్తానే" అన్నాను. "ఊఁ" అంది. ఎనిమిదేళ్ల పిల్ల అంత పెద్ద "ఊఁ" ఎక్కడ నేర్చిందో! పక్క బల్ల మియాషితాతో చెప్పుకుని కాస్త ఏడ్చాను.

బుధవారం స్టోరీబోర్డు వచ్చింది. గుర్రాల చోట, గుడిసెలో పొయ్యి మీద కెటిల్. దాని మూత టకటక వణుకుతుంది. పన్నెండు సెకన్లు. మూడే బొమ్మలు, తిప్పితిప్పి వాడుకోవచ్చు.

"గుర్రాలేవీ?" ఒనొదెరా గారి కేక కింద టోఫు కొట్టుకు కూడా వినబడింది.

"బయటున్నాయి. గిట్టల చప్పుడు వినిపిస్తాంగా."

"గుర్రాలు పెడతారా, తర్వాతి సీరియల్ వదులుకుంటారా?"

తొకుమారు గారు నిమిషం ఆలోచించారు. "కెటిలే ఉండనివ్వండి" అని కోటు తొడుక్కుని వెళ్లిపోయారు.

అన్నంత పనీ చేశారు ఒనొదెరా గారు. తర్వాతి సీరియల్ ఇంకొకరికి పోయింది. తొకుమారు గారు ఏడాదిపాటు బిస్కెట్ల ప్రకటనలకు బోర్డులు గీసుకున్నారు. నేను మాత్రం ఆ ఆదివారం బడి మైదానంలో చాప మీద కూర్చుని, గొంతు పోయేలా అరిచాను.

పదహారేళ్ల తర్వాత ఆయన పని మానేసిన రోజున, పాతవాళ్లమంతా ఓ నూడిల్స్ కొట్లో కలిశాం.

"ఆ మబ్బు గుర్తుందా? ఆ వారం నా పెళ్లి" అన్నాడు మియాషితా.

"ఉయ్యాల నాది. అపెండిక్స్ ఆపరేషన్" అంది రంగులు వేసే హిసాయో.

ఒక్కొక్కరూ తమ షాట్ చెప్పుకుంటూ వచ్చారు. చివరికి అందరం ఆయన వైపు తిరిగాం.

"చెత్త వాగుడు! అదంతా కళ!" అంటూ ఆయన ముఖం గిన్నెలో దాచుకుని నూడిల్స్ జుర్రారు.

కాసేపయ్యాక నా వైపు ఒరిగి మెల్లిగా అడిగారు: "ఇంతకీ పరుగుపందెంలో మీ అమ్మాయి ఎన్నోదిగా వచ్చింది?"

"ఆఖర్న వచ్చిందండీ."

ఆయన చాప్‌స్టిక్స్ కింద పెట్టేశారు.

"మూడు వందల గుర్రాలు ఖాళీగా నిలబడ్డాయి కదమ్మా! ఒకటి ఆ పిల్లకిస్తే పోయేది!"