పదిమంది కావాలట

ఇవాళ కొచ్చిలో యూదుల పాత ప్రార్థనా మందిరం చూశాం, ఉదయగిరి నుంచి వ్యాన్‌లో వచ్చిన పదకొండుమంది మగవాళ్లం. నీలిబొమ్మల పలకల మీద ఉత్తకాళ్లతో నడుస్తుంటే మా సోమశిల జలాశయం నీళ్ల మీద నడిచినట్టుంది. తల కప్పుకోవాలంటే నేను తువ్వాలు చుట్టుకున్నాను. కొయ్య గరిటెలు చెక్కే మస్తాన్ జేబులోంచి నమాజు టోపీ తీశాడు.

పదిమంది మగవాళ్లుంటేనే ఇక్కడ ప్రార్థన సాగుతుందని, తమవాళ్లు ఇజ్రాయెల్ వెళ్లిపోగా ఆరుగురే మిగిలారని మందిరం చూపిస్తున్న ముసలాయన ఇంగ్లీషులో చెప్పాడు. నేను తెలుగులో మావాళ్లకు చెప్పాను.

"నలుగురే గదా తక్కువ. మనం ఇంతమంది ఉండాం, కూర్చుంటే సరిపోదా? అడగండి సార్" అన్నాడు మస్తాన్.

అడిగాను. ముసలాయన మా టోపీలూ తువ్వాళ్లూ తేరిపార చూసి, "మీరు లెక్కకు రారు. అయినా కూర్చోండి" అన్నాడు.

గాజు దీపాల కింద కూర్చున్నాం. బయట వ్యాన్ హారన్ మోగుతూనే ఉంది. మీరైతే లేచేవాళ్లా?