లోపలి నుంచి తీసిన ఫొటో

ఇంట్లో అందరూ గువ్వ అని పిలిచే ఆమెకు నలభై దాటాయి. విరిగిన కిటికీ రెక్కలు, ఆగిపోయిన గడియారాలు, జత పోయిన ఒంటి చెప్పులు పోగేసి, వాటి మధ్య తను తీసిన ఫొటోలు బిగించి బొమ్మలు కడుతుంది. చూసినవాళ్ళు బాగున్నాయనే అంటారు గానీ, వాటి ముందు ఎక్కువసేపు నిలబడరు.

తలుపు మూసిన గదిలో ఆమెకు కునుకు పట్టదు. గొళ్ళెం చప్పుడైతే చాలు, ఒళ్ళు జలదరిస్తుంది. ఎందుకో ఆమెకు తెలుసు. ఆరేళ్ళప్పుడు, నాన్న పనిచేసే మిల్లులో సమ్మె నడుస్తుండగా, ఓ మధ్యాహ్నం కొందరు మనుషులు ఆయన కోసం వచ్చారు. అమ్మ ఆమెను చెక్క బీరువాలో చీరల వెనక్కి తోసి, "కిక్కురుమన్నావంటే చూడు" అని తలుపు వేసేసింది. తర్వాత వినిపించినవి బల్ల పడిన శబ్దం, నాన్న మూలుగు, బూట్ల చప్పుడు. బీరువా తెరుచుకునేసరికి నాన్న లేడు. మళ్ళీ రాలేదు. ఆ సంగతి తల్లీకూతుళ్ళు ఇన్నేళ్ళలో ఒక్కసారీ ఎత్తలేదు.

ఈసారి తన బొమ్మల ప్రదర్శన కోసం పాత సామాన్ల కొట్టులో అలాంటి బీరువానే కొనుక్కొచ్చింది. లోపల కూర్చుని, తలుపు సందులోంచి పడే వెలుతురును ఫొటో తీయాలి. భర్తను బయట నిలబెట్టింది.

"పిలిస్తే వెంటనే తియ్యి. ఫోనొచ్చినా కదలకు."

"కదల్లే. అయినా నీకెందుకీ బాధ? ఫొటో నేను తీస్తా కదా."

"ఆ రోజు లోపలున్నది నువ్వు కాదుగా."

తలుపు పడింది. పాత చెక్క వాసన తగలగానే ఆమె మోకాళ్ళు దగ్గరకు ముడుచుకుంది. సన్నటి వెలుగు గీత ఒక్కటే దిక్కు. అంతలో అడుగుల చప్పుడు. భర్తది కాదు. బరువైన నడక, ఏదో గట్టిది నేలకు తగులుతూ దగ్గరికొస్తోంది. గీత మీదుగా నీడ కదిలింది. పిలవబోయి, అరచేత్తో నోరు మూసుకుంది. మళ్ళీ వచ్చారు, ఈసారి తన కోసమే అనుకుంది. తెలియకుండానే వేలు కెమెరా బటన్ నొక్కేసింది.

అల్లుణ్ణి పక్కకు జరిపి తలుపు తీసింది అమ్మ. చేతికర్ర పట్టుకుని పక్క గదిలోంచి వచ్చింది. చెమటతో తడిసి ముద్దయిన కూతుర్ని చూసి, బీరువా అంచు పట్టుకుంది.

"నీకప్పుడు దగ్గు, గువ్వా," అంది. "మీ నాన్నని కొడుతున్నా నేనటు చూళ్ళేదు. ఎక్కడ దగ్గుతావోనని నా ప్రాణమంతా బీరువా మీదే."

"దగ్గొచ్చిందమ్మా. చీర నోట్లో కుక్కుకున్నా."

"తెలుసు. ఆ చీర మళ్ళీ కట్టలేదు నేను."

ఫొటోలో వెలుగు గీత, దానికడ్డంగా మసగ్గా అమ్మ కొంగు పడ్డాయి. దాన్నే పెద్దది చేసి బీరువా లోపల బిగించింది. గొళ్ళెం భయం మాత్రం ఆమెను వదల్లేదు.

ప్రదర్శన మొదలైన రోజు అమ్మ బీరువా పక్కనే కుర్చీ వేయించుకుంది. ఫొటో చూడ్డానికి లోపలికెళ్ళి కూర్చునే ప్రతివాళ్ళకీ, తలుపు పూర్తిగా పడకుండా, చెయ్యి అడ్డం పెట్టి పట్టుకుంది.