శివారుకి ముందు

ఒక బరువు మోస్తున్నాను. పదేళ్ళు దాటింది. పైకి చెబితే చాలా చిన్న సంగతిలా ఉంటుంది. ఒక కంప్యూటర్ ఆట, అందులో ఒక కరెంటు పెట్టె, దాని చిక్కు విప్పింది ఎవరన్న మాట. అంతే. మీకు నవ్వొస్తే నవ్వండి. నేనూ నవ్వుకుని వదిలించుకుందామని చాలాసార్లు చూశాను. కుదరలేదు. మీరెవరో నాకు తెలియదు, నేనెవరో మీకు తెలియదు. బహుశా అందుకే ఇంతకాలానికి నోరు పెగులుతోంది.

నా చదువు ఇంటర్‌తో ఆగిపోయింది. ఆ తర్వాత నాకు తెలిసినదంతా అమలాపురం శాఖా గ్రంథాలయంలో నేర్చుకున్నదే. పొద్దున్న పూట కొబ్బరి కొట్టులో కాయలు ఏరే పని, అది అవగానే గ్రంథాలయం. ఒక బీరువా అయ్యాక ఇంకో బీరువా చదివాను. నక్షత్రాలు, పశువైద్యం, రేడియో మరమ్మతు, ఏది దొరికితే అది. ఎవరు ఏ మాటెత్తినా "దాని గురించి ఒక పుస్తకంలో చదివాను" అని మొదలుపెట్టేవాణ్ణి. స్నేహితులు నాకు లైబ్రరీ అని పేరు పెట్టారు. వెక్కిరింపని తెలుసు. అయినా లోలోపల మురిసిపోయేవాణ్ణి. ఆ మురిపెమే నన్ను ఇక్కడిదాకా తెచ్చిందా? తెచ్చిందనే అనుకుంటాను.

తొంభైల చివరి రోజులవి. సూరిబాబుగారి కంప్యూటర్ సెంటర్‌లో ఐదు కంప్యూటర్లు ఉండేవి. పొద్దున్న పాఠాలు చెప్పేవారు, మధ్యాహ్నం మూడు దాటాక ఆటలు ఆడనిచ్చేవారు. ఆయన హైదరాబాదు నుంచి తెచ్చిన సీడీల్లో ఒక భయంకరమైన ఆట ఉండేది. దాని అసలు పేరు ఎవరికీ నోరు తిరగక ఓడాట అనేవాళ్ళం. నడిసముద్రంలో పాడుబడిన ఓడ. అందులో ఒంటరిగా మనం. మనతోపాటు, కంటికి కనపడకుండా, ఇంకేదో. బతికి బయటపడటమే ఆట.

ఓడ అడుగు అంతస్తులోకి దిగాక వెనక దారి మూసుకుపోతుంది. అక్కడ గోడకు ఒక కరెంటు పెట్టె, దానికి వరసగా నాలుగు మీటలు. మొదటిది దీపాలకు, రెండోది నీళ్ళు తోడే పంపుకు, మూడోది ఇనప తలుపుకు, చిట్టచివరిది లిఫ్టుకు. ఏ మీటనైనా సగం లేపవచ్చు, పూర్తిగా లేపవచ్చు. నాలుగూ పనిచేస్తేనే పైకి చేరగలం. కాని ఉన్నది ఒక్క ముసలి జనరేటరు. దీపాలు, పంపు, తలుపు అయ్యేసరికి పెట్టె మీది మీటరు ముల్లు ఎర్రగీతకు దగ్గరపడుతుంది. లిఫ్టు మీట సగం లేపితే కదలదు, పూర్తిగా లేపితే అన్నీ ఒక్కసారి ఆరిపోతాయి. ఆ చీకట్లో అడుగుల చప్పుడు మొదలవుతుంది. మళ్ళీ మొదటి నుంచి ఆడుకోవాలి.

మూడు వారాలు ఎవరి వల్లా కాలేదు. నేను పుస్తకాల మీద పడ్డాను. ఇంటి వైరింగు గురించిన పుస్తకం, మోటార్ల పుస్తకం, పాత భౌతికశాస్త్రం వాచకం తెచ్చుకుని నోటుపుస్తకం నిండా బొమ్మలు గీశాను. నాలుగూ ఒకేసారి నడవాలంటే ఎంత కరెంటు కావాలో గుణించి, భాగించి, అది కుదరని పని అని తేల్చాను. ఆట తయారుచేసినవాళ్ళే తప్పు చేశారని కూడా అన్నాను.

"ఏవండీ లైబ్రరీ గారూ, ఇంతకీ లిఫ్టు ఏ బీరువాలో ఉందన్నారు?" అనేవాడు శ్రీను. వాడు నాతో ఇంటర్ చదివినవాడు.

"ఆయన్ని కదపకు శ్రీనూ. ఇంకో పుస్తకం చదివేడంటే ఓడ మునిగిపోద్ది," అనేవారు సూరిబాబుగారు.

ఇప్పుడు ఎస్తేరు గురించి చెప్పాలి. ఇంతవరకూ రాయడానికి నాకేం కష్టం కలగలేదు. ఇక్కడ చెయ్యి ఆగుతోంది.

ఎస్తేరు పి.గన్నవరం అవతల ఒక పల్లె నుంచి బస్సులో వచ్చేది. వాళ్ళ నాన్నగారు కాలువ మీద లస్కరు. అంటే తూముల తలుపులు ఎత్తుతూ దించుతూ ఏ చేలకు ఎప్పుడు నీరు వెళ్ళాలో చూసే ఉద్యోగి. కోర్సు పూర్తయినా ఆమె టైపింగు సాధనకు రోజూ వచ్చేది. మాకు వెనక, గోడ వైపున్న కంప్యూటర్ దగ్గర కూర్చునేది. మా కేకలు ఆమెకు వినపడేవి. ఆమె ఉన్నట్టే మాకు అనిపించేది కాదు.

సూరిబాబుగారు రాజోలులో రెండో సెంటర్ పెట్టబోతున్నారు. అక్కడ పాఠాలు చెప్పడానికి ఒక మనిషి కావాలి. ఎస్తేరు అడిగింది. నేనూ అడిగాను. గది తయారయ్యాక ఇద్దరిలో ఒకరిని తీసుకుంటానని ఆయన అన్నారు. ఎస్తేరుకు అప్పటికే పాస్‌పోర్టు వచ్చేసింది. కువైట్‌లో ఒక ఇంట్లో పనికి వాళ్ళ పిన్ని వీసా చూస్తోంది. ఈ ఉద్యోగం వస్తే వెళ్ళక్కర్లేదని, పిల్లలకు పాఠాలు చెప్పడం తనకు ఇష్టమని ఆమె నాతోనే అంది. ఇది గమనించండి. నాకు తెలుసు. తెలియక చేశానని చెప్పుకునే దారి నాకు లేదు.

ఒకరోజు మధ్యాహ్నం గట్టి వాన. శ్రీను వాళ్ళు రాలేదు. సూరిబాబుగారు భోజనానికని వెళ్ళి వానకు ఇంట్లోనే ఆగిపోయారు. ఇద్దరమే ఉన్నాం. నేను మామూలుగానే చచ్చిపోయి మళ్ళీ మొదలుపెడుతున్నాను.

"అన్నయ్యగారండీ, ఒక మాట అడగొచ్చాండి?" అంది వెనక నుంచి.

"అడుగమ్మా."

"ముందు లైట్లెందుకండి వేస్తారు?"

"చీకటైతే అది వచ్చేస్తుంది కదా."

"ఆయ్. ఎంతసేపటికొస్తదో ఎప్పుడైనా చూసేరాండి?"

"వచ్చేదాకా ఎవరు కూర్చుంటారు?"

"అదేనండి. భయపడిపోయి అందరూ పై తూమే ఎత్తేసుకుంటున్నారు. మరింక శివారుకి నీరెక్కడి నుంచొస్తదండి?"

కరెంటు వేరు, నీళ్ళు వేరు అని చెప్పాను. పుస్తకంలో చదివినదంతా ఏకరువు పెట్టాను. నేను ఆగేదాకా ఆయ్, ఆయ్ అంటూ వింది. తర్వాత నెమ్మదిగా చెప్పింది.

"దాళ్వా పంటకి కాలవలో నీరు తగ్గినప్పుడు మా నాన్నగారు వంతులు పెడతారండి. పైనున్న తూములన్నీ దించేసి, ముందు కాలువ చివరున్న చేలకి వదిలేస్తారు. అదేనండి, శివారంటే. ఆ చేలు తడిసేక అక్కడ తలుపు సగానికి దించి, ఒక్కో తూమూ ఎత్తుకుంటా వెనక్కొస్తారు. పైరైతులు తిడతారండి. మా గట్టు పక్కన పారే నీరు మాకు లేదా అంటారు. తిట్టనియ్ అంటారు మా నాన్నగారు. పైనోళ్ళకి ఎప్పుడైనా అందుద్ది, చివరోళ్ళకి ఇప్పుడందకపోతే ఇంకందదంటారు."

కుర్చీ ఇచ్చాను. ఆమె అంతకుముందు ఒక్క ఆటా ఆడలేదు. ఏ మీట ఎలా లేపాలో అడిగి తెలుసుకుంది. తర్వాత దీపాలు, పంపు, తలుపు, మూడూ దించేసింది. తెర నల్లబడింది. లిఫ్టు మీట పూర్తిగా లేపింది. ముల్లు సగం దాటి ఆగింది. అడుగుల చప్పుడు మొదలైంది. దగ్గరపడింది. నా చెయ్యి దానంతటదే దీపాల మీట నొక్కబోతే ఆమె నావైపు చూడకుండానే "ఉండండి" అంది. చప్పుడు మా వీపుల వెనకే ఉన్నట్టు వినపడింది. ఆమె ముఖం కదలలేదు. కాలువ గట్టు మీద నిలబడి తిట్లు వింటున్న లస్కరును నేనెప్పుడూ చూడలేదు గాని, ఆ క్షణంలో చూసినట్టే అనిపించింది.

గంట మోగింది. లిఫ్టులోని బ్యాటరీ నిండింది. అది నిండడానికే పూర్తి కరెంటు కావాలి, ఆ తర్వాత సగం చాలు. మాలో ఎవరమూ అంతసేపు ఆగలేదు గనుక ఆ గంట ఒకటుందని మాకు తెలియదు. ఆమె లిఫ్టు మీట సగానికి దించి ఇనప తలుపు లేపింది. ఆ తర్వాత పంపు. అన్నిటికన్నా ఆఖరున, మిగిలిన కాస్త కరెంటూ దీపాలకు ఇచ్చింది. అవి మినుకుమినుకుమన్నాయి. ముల్లు ఎర్రగీతకు ఒక వెంట్రుకవాసి ఇవతల నిలబడింది. లిఫ్టు పైకి లేచింది.

"అయిపోయిందాండి?" అంది. "నాకు బస్సు టైమైపోయిందండి." కొంగు తల మీద కప్పుకుని వానలోకి వెళ్ళిపోయింది.

నేను అలాగే కూర్చుండిపోయాను. మూడు వారాలుగా నేను ఎంత కరెంటు కావాలి అనే అడిగాను. ఎవరికి ముందు అందాలి అని అడగలేదు. ఆమె అడిగింది. ఆ తర్వాత చాలా పుస్తకాలు చదివాను. వాటిలో గొప్ప మెదళ్ళు ఎన్నో కనపడ్డాయి. కళ్ళెదుట ఒక ఆలోచన పుట్టి, భయాన్ని నిలబెట్టి, పని పూర్తిచేసి, బస్సుకు వెళ్ళిపోవడం మాత్రం నేను చూసింది ఆ ఒక్కసారే.

మర్నాడు అందరి ముందూ నేను ఆడాను. నిన్న చూసినట్టే ఒక్కొక్కటిగా చేశాను. లిఫ్టు లేచింది. శ్రీను నా వీపు మీద చరిచి "ఎలా కనిపెట్టేవురా?" అన్నాడు.

"చదివాను," అన్నాను.

ఒక్క మాట. ముందుగా అనుకున్నది కాదు, అలవాటుగా వచ్చింది. వెనక ఎస్తేరు టైపు చేస్తోంది. కీబోర్డు చప్పుడు ఆగింది. ఇప్పుడు తిరిగి చూసి, నేను కాదు, తను అని చెప్పవచ్చు. ఇంకా సమయముంది. చెప్పవచ్చు. చప్పుడు మళ్ళీ మొదలైంది. నేను తిరిగి చూడలేదు.

అక్కడితో ఆగితే అలవాటు నెపం చెప్పుకునేవాణ్ణేమో. ఆగలేదు. గ్రంథాలయానికి ఒక కంప్యూటర్ మాసపత్రిక వచ్చేది. ఆటల చిక్కులు విప్పినవాళ్ళు రాయమని అందులో అడిగేవారు. రాశాను. వోల్టేజి, లోడు అంటూ పుస్తకాల మాటలన్నీ పేర్చాను. శివారు అన్న మాట ఎక్కడా రానివ్వలేదు. రెండు నెలలకు నా పేరుతో అచ్చయింది. లైబ్రేరియన్ గారు ఆ పేజీని గాజు బల్ల కింద పెట్టారు. సూరిబాబుగారు ఒక ప్రతి కొని సెంటర్ గోడకు అంటించారు. ఆ వారమే రాజోలు ఉద్యోగం నాకు ఇచ్చారు.

"ఎస్తేరు టైపింగు బాగానే చేస్తది గాని, బుర్ర వాడే పని నీదయ్యా," అన్నారు. నేను తల ఊపాను. ఆ తల ఊపడం నాకింకా కనపడుతుంది.

రెండు రోజుల తర్వాత నేను సామాను సర్దుకుంటుంటే ఎస్తేరు వచ్చింది. చేతిలో ఆ పత్రిక ఉంది. నిలదీస్తుందనుకున్నాను. ఏమని అబద్ధమాడాలో కూడా సిద్ధం చేసుకున్నాను.

"మాస్టారండీ," అంది. అంతవరకూ అన్నయ్యగారు అనేది. "ఇందులో ఒకటి వదిలేసేరండి. గంట మోగేక లిఫ్టుది సగానికి దించాలి కదండి. అది రాయలేదు మీరు. ఇది చూసి ఆడినోళ్ళు తలుపు దగ్గర ఆగిపోతారు. పాపం, చీకట్లో అంతసేపు కూర్చున్నాక."

"అవును. మర్చిపోయాను."

"ఆయ్. దిద్దించండి," అని పత్రిక బల్ల మీద పెట్టి వెళ్ళిపోయింది.

ఎవరో ముక్కూ మొహం తెలియనివాళ్ళు ఆగిపోతారని ఆమె బాధపడింది. కాలువ చివరనున్న వాళ్ళను ముందు తలుచుకోవడం వాళ్ళింట్లో అలవాటు కాబోలు. తన దగ్గర నుంచి పోయినదాని గురించి ఒక్క మాట అనలేదు. అననక్కర్లేదనుకుందా? అన్నా ఎవరూ నమ్మరనుకుందా? నేనే చెబుతానని అవకాశమిచ్చిందా? ఈ మూడు ప్రశ్నలూ ఇన్నేళ్ళుగా తిప్పుతున్నాను. జవాబు దొరకలేదు.

నేనేం చేశానో మాత్రం తెలుసు. సవరణ రాసి పంపాను. నా పేరుతోనే. మరుసటి నెల అదీ అచ్చయింది, పాఠకుల కోసం నేను చూపిన శ్రద్ధను మెచ్చుకుంటూ. మొదటిసారి నోరు జారింది అనుకోవచ్చు. రెండోసారి ఆమె కళ్ళలోకి చూసిన తర్వాత, కాగితం తీసుకుని, దస్తూరి కుదురుగా పెట్టి చేశాను. నన్ను తినేది ఇదే.

ఆ ఎండాకాలం ఎస్తేరు కువైట్ వెళ్ళింది. నాకు ఉద్యోగం రాకపోయినా వెళ్ళేదేమో అని చాలాకాలం వాదించుకున్నాను. లేదు. వెళ్ళేది కాదు. రాజోలులో ఆ కుర్చీలో కూర్చునేది. నాకన్నా బాగా చెప్పేది. ఏదైనా అర్థంకాని పిల్లలు చివరి బల్లల మీదే ఉంటారు, నేను ఎప్పుడూ ముందు బల్లల నుంచే మొదలుపెట్టాను.

కొత్త బ్యాచి వచ్చినప్పుడల్లా ఓడాట కథ చెప్పేవాణ్ణి. చదువు ఎంత పనికొస్తుందో చూడండి అని. పిల్లలు నోళ్ళు తెరుచుకుని వినేవారు. ఈ మధ్య మానేశాను. ఎందుకు మానేశారని ఒక అమ్మాయి అడిగితే మరిచిపోయానన్నాను. అదీ అబద్ధమే.

ఎస్తేరు ఏ చిరునామాలో ఉందో నాకు తెలియదు. కనుక్కోవడానికి గట్టిగా ప్రయత్నించానని చెప్పలేను. ఒకసారి వాళ్ళ ఊరి బస్సెక్కి రెండు స్టాపుల ముందే దిగిపోయాను. క్షమించమని అడగటం లేదు. అడగాల్సింది ఆమెను, మిమ్మల్ని కాదు. ఈ కాగితం కింద నా పేరు పెట్టే ధైర్యం కూడా ఇంకా రాలేదు. ఒక్క వాక్యం మాత్రం ఎవరో ఒకరు చదివేలా ఉన్నదున్నట్టు రాయాలనిపించింది. ఇన్నేళ్ళలో ఎప్పుడూ రాయనిది.

ఆ ఓడలో లిఫ్టును లేపింది లస్కరుగారి అమ్మాయి ఎస్తేరు. నేను పక్కన కూర్చుని చూశాను.