ఖాళీ చేతులతో మైకు ముందు

నుమాటా సచీయెకు అరవై మూడేళ్లు వచ్చినా గొంతు మాత్రం పన్నెండేళ్ల మగపిల్లవాడిదే. ప్రతి ఆదివారం పొద్దున టీవీలో వచ్చే బొమ్మల కథలో, పడవవాడి కొడుకు గెంటాకు ఇరవై ఆరేళ్లుగా ఆమే గొంతు. కూరల కొట్టులో ఆమె ముల్లంగి అడిగితే, పక్కనున్న పిల్లలు గెంటా ఎక్కడున్నాడా అని వెతికేవారు.

ఆ చలికాలం ఆమె కుడిచేయి వణకడం మొదలైంది. తగ్గేది కాదన్నాడు డాక్టరు.

గొంతుతో చేసే పనికి చేతులతో ఏం పని అనుకుంటారు బయటివాళ్లు. టోక్యోలోని ఆ స్టూడియోలో పదిహేనుమందికి నాలుగే మైకులు. స్క్రిప్టు చేత పట్టుకుని, తెర మీద బొమ్మను చూస్తూ, వంతు రాగానే పిల్లిలా వచ్చి పిల్లిలా తప్పుకోవాలి. ఆకలికి కడుపు గురగురలాడినా మైకు పట్టేస్తుంది. అందుకే సచీయె ముందుగానే ఒక అన్నం ముద్ద తినేది. అన్నిటికన్నా పెద్ద తప్పు కాగితం చప్పుడు. ముందురోజే కూర్చుని ప్రతి పేజీ మూలనూ వేళ్లతో నలిపి, పాతగుడ్డలా మెత్తబరిచేది.

ఫిబ్రవరిలో ఒకే పూట ఐదుసార్లు ఆమె కాగితం వల్ల రికార్డింగు ఆగింది. ఎవరూ ఏమీ అనలేదు. ఆమెకు భయం వేసింది అందుకే. సౌండు డైరెక్టరు హయామి ఆమెను వరండాలోకి పిలిచి, గెంటా కోసం వేరే గొంతులు వింటున్నామని తల వంచుకుని చెప్పాడు.

"నా గొంతు పాడైందా?"

"గొంతుకేమీ కాలేదండీ."

"అయితే వచ్చే వారం చూసి చెప్పండి. కాగితం లేకుండా వస్తాను."

తన మాటలొక్కటే కంఠతా వస్తే సరిపోదు, ఎదుటివాళ్లవీ రావాలి. లేకపోతే తన వంతు ఎప్పుడో తెలియదు. కూతురు చినాట్సు వంటింట్లో కూర్చుని మిగతా పాత్రలన్నీ రైల్వే స్టేషను ప్రకటనల్లా చదివేది. నాలుగో రోజుకు విసిగిపోయి, ఇన్నేళ్లు చేశావు కదా, ఇక చాల్లే అమ్మా అంది.

"వాడికింకా పన్నెండేళ్లేనే. ఎలా వదిలేస్తాను?" అంది సచీయె. మళ్లీ మొదటి పేజీకి వెళ్లారు.

రికార్డింగు రోజు వట్టి చేతులతో వచ్చిన ఆమెను చూసి, కథలో గెంటా శత్రువుకు గొంతిచ్చే దోబాషి అనే ముసలి నటుడు పలకరించాడు. "స్క్రిప్టు ఇంట్లో మర్చిపోయావా? ముసలితనం వచ్చేసిందే నీకు."

"నీకెప్పుడో వచ్చింది. నీ మాటలు కూడా నాకొచ్చు. మర్చిపోతే అడుగు."

రికార్డింగుకు ముందు హయామి ఎప్పటిలాగే దిద్దుబాట్లు చదివాడు. ఆ రోజు గెంటావే తొమ్మిది మాటలు మారాయి. అందరూ పెన్సిళ్లు తీశారు. సచీయె కళ్లు మూసుకుంది. హయామి ఆమెను చూసి, కాసేపు ఆగుదామా అన్నాడు.

"అక్కర్లేదు. ఇంకొక్కసారి చదవండి."

చదివాడు. ఆమె పెదవులు కదిలాయి. ఎర్రదీపం వెలిగింది. చేతులు వెనక్కి కట్టుకుని మైకు ముందు నిలబడింది. మారిన మాటలు ఒక్కొక్కటే దాటుకుంటూ వెళ్లింది. ఎనిమిదోది పూర్తయిందో లేదో, కాగితం గరగరమంది.

రికార్డింగు ఆగింది. అలవాటు కొద్దీ అందరూ ఆమె చేతుల వైపు చూశారు. అవి ఖాళీ.

దోబాషి నెమ్మదిగా చెయ్యెత్తాడు. "నాదే. ఈమెను చూస్తూ పేజీ సంగతే మర్చిపోయాను. గబుక్కున తిప్పేశాను."

"పేజీ తిప్పడం నేర్చుకో, ముసలోడా," అంది సచీయె, గెంటా గొంతుతో.

కంట్రోల్ గది అద్దం అవతలి నుంచి హయామి గొంతు వినిపించింది. "మళ్లీ మొదటినుంచి. సచీయె గారూ, ఇకనుంచి మీ స్క్రిప్టు ఇప్పటికన్నా మూడు రోజులు ముందే పంపిస్తాం."

మరో మూడేళ్లు గెంటా ఆమె గొంతుతోనే మాట్లాడాడు. చివరి శరత్కాలంలో స్క్రిప్టు ఆస్పత్రికే వచ్చేది. మైకు ముందు ఇక పేజీలు తిప్పాల్సిన పని లేకపోయినా, మంచం మీద కూర్చుని, వణికే వేళ్లతోనే ప్రతి పేజీ మూలనూ మెత్తగా నలిపేది.