ఆడబిడ్డ పేరు

నాకు ఈత రాదు. అయినా యుద్ధం రోజుల్లో, పటాలు గీసే సర్కారు కచేరిలో, ఏర్ల పేర్లు రాసుకొచ్చే ఉద్యోగం నాకే ఇచ్చారు. అప్పటికి నేను చూసిన నది మూసీ ఒక్కటే; అదీ పురానాపూల్ మీద నుంచి, గోడ గట్టిగా పట్టుకుని.

ఉత్తరాన అడవుల్లో ఒక ఏరును పటంలోకి ఎక్కించాలి. తెప్ప నడిపే ముసలాయన నన్ను రోజూ అటూ ఇటూ దాటించాడు. మూడు వారాలు తన ఇంట్లోనే అన్నం పెట్టాడు. ఏటి పేరు మాత్రం చెప్పలేదు. అడిగితే "మా ఆడబిడ్డ" అనేవాడు. ఎప్పుడో కరువులో నీళ్లు వెతుకుతూ పోయి తిరిగిరాని వాళ్లింటి పిల్ల పేరే ఏటికి పెట్టుకున్నారట. ఏడాదికొక్కసారి, కొత్త గింజలు నీళ్లలో వదిలేటప్పుడే ఆ పేరు పలుకుతారు. నేను బయలుదేరే ముందురోజు ఆ పేరు నా చెవిలో చెప్పాడు.

"కాగితం మీద పెట్టకు బిడ్డా. ఆడబిడ్డ పేరు కచేరిల ఎందుకు? పెద్దవాగు అని రాస్కో."

మాటిచ్చాను. అలాగే రాశాను కూడా.

లాల్‌దర్వాజాలో నాతో అద్దెగది పంచుకునే మిత్రుడు మా కచేరిలోనే పటాలకు సాపు ప్రతులు గీసేవాడు. నా కాగితం చూసి నవ్వాడు.

"మళ్ల పెద్దవాగేనా భాయ్? పటం నిండ పెద్దవాగులే. గీ రాజ్యంల చిన్నవాగే లేదా ఏంది?"

"అసలు పేరు వేరే ఉంది. చెప్పొద్దన్నడు."

"నాకు గూడనా? ఒక్క కంచంల తింటున్నం గద!"

చెప్పేశాను, పిల్ల కథతో సహా. మూడు వారాలు ఏట్లో జారని కాలు నాది. ఛాయ్ చల్లారేలోపు నోరు జారింది. వాగు దాటాను గాని వాగుడు దాటలేకపోయాను.

ఆరునెలలకు పటం అచ్చయి వచ్చింది. నీలిగీత పక్కన ఆ పిల్ల పేరు, ఉర్దూ అక్షరాల్లో, ముత్యాల్లా. అసలు పేరు పట్టుకున్నందుకు పెద్దసారు మావాణ్ణి మెచ్చుకున్నాడట.

"గింత ఫికర్ ఎందుకు భాయ్? అడవిల పటం ఎవడు చదువుతడు?" అన్నాడు వాడు.

చదివారు. మరుసటి ఏడు నేను మళ్లీ వెళ్లేసరికి కలప గుత్తేదారు మనుషులు దుంగలు నీళ్లలోకి తోస్తూ, పొద్దంతా ఆ పేరే పెట్టి కేకలేస్తున్నారు.

ముసలాయన తెప్ప తెచ్చాడు. ఎప్పటిలాగే చేయి పట్టి ఎక్కించాడు. నడి ఏట్లో నేనుండబట్టలేకపోయాను.

"నేను రాయలే తాతా. నా దోస్తు రాసిండు."

"నీ దోస్తుకు నేను చెప్పలే," అన్నాడు.

అవతలి గట్టు దగ్గర చిన్న పాయ ఒకటి వచ్చి కలుస్తోంది. అలవాటు కొద్దీ పుస్తకం తెరిచి దాని పేరడిగాను.

"దానికి పేరు లేదు దొరా."